పాఠకుల ప్రశ్నలు: కుట్టు నమూనాల నుంచి ధరల పట్టీల దాకా - యుద్ధానంతర జపాన్ పత్రికలు

ప్రశ్న: రెండో ప్రపంచ యుద్ధంలో ఓడిపోయి, టోక్యో నగరం చాలా భాగం కాలి బూడిదైన రోజుల్లోనే జపాన్‌లో ఫ్యాషన్ పత్రికలు వరుసగా పుట్టుకొచ్చాయని విన్నాను. తిండికే కటకటలాడుతున్న జనం దుస్తుల పత్రికలు ఎందుకు కొన్నారు?

జవాబు: మొదట అచ్చు సంగతి చూద్దాం. 1945 ఆగస్టులో యుద్ధం ముగిసేసరికి ఆ దేశంలో బియ్యానికి ఎంత కరువో ముద్రణ కాగితానికీ అంతే కరువు. అయినా ఏళ్ల తరబడి ప్రభుత్వం చదవమన్నదే చదివి విసిగిపోయిన ప్రజలు నాసిరకం కాగితం మీద, పట్టుమని కొన్ని పేజీలతో వచ్చిన పత్రికను కూడా ఎగబడి కొన్నారు. అచ్చయిన ప్రతిదీ అమ్ముడుపోయిన కాలం అది.

ఇక దుస్తుల సంగతి. 1940లోనే ‘విలాసం మన శత్రువు’ అనే బోర్డులు టోక్యో వీధుల్లో వెలిశాయి. యుద్ధం ముదిరేకొద్దీ స్త్రీలందరూ మోంపె అనే వదులైన పని పైజామాల్లోకి మారవలసి వచ్చింది. యుద్ధం పోయాక ఆ మోంపెను విడిచిపెట్టాలని ప్రతి స్త్రీకీ ఉంది గాని, కొత్త గుడ్డ కొందామంటే బజారులో దొరకదు, దొరికినా రేషన్. చాలామంది పల్లెలకు వెళ్లి తమ కిమోనోలను రైతులకిచ్చి బియ్యం, దుంపలు తెచ్చుకునేవారు. అలా పోగా పెట్టె అడుగున మిగిలిన ఒకటి రెండు పాత కిమోనోలే వారికున్న గుడ్డ. వాటితో వేసుకోదగిన గౌను ఎలా కుట్టుకోవాలో చెప్పే పుస్తకం వారికి విలాస వస్తువు కాదు, అక్కరకు వచ్చే సాధనం.

1946 వేసవిలో టోక్యోలోని గింజాలో ఒక చిన్న సంస్థ ‘స్టైల్ బుక్’ అనే పల్చని పుస్తకాన్ని వెలువరించింది. దాన్ని నడిపినవారు హనామోరి యాసుజి, ఓహాషి షిజుకో. పత్రికల్లో చిన్న ప్రకటన ఇచ్చేసరికి దేశం నలుమూలల నుంచి మనీయార్డర్లు వచ్చిపడ్డాయి. కిమోనో గుడ్డ సుమారు 36 సెంటీమీటర్ల వెడల్పుతో పొడవాటి పట్టీగా ఉంటుంది, దాన్ని వంపులు తిప్పి కత్తిరిస్తే బోలెడంత వృథా అవుతుంది. అందుకని హనామోరి అన్నీ తిన్నని గీతలతోనే కత్తిరించి, నమూనా కాగితం అవసరం లేకుండా కుట్టుకోగల దుస్తులను రూపొందించారు. విప్పితే మళ్లీ పట్టీలుగానే మిగిలే గుడ్డను రేపు ఇంకొక దుస్తుగా మార్చుకోవచ్చు.

అదే ఏడాది ఆగస్టులో చిత్రకారుడు నకహారా జునిచి ‘సొరెయు’ పత్రికను ప్రారంభించారు. యుద్ధానికి ముందు ‘షోజో నో తోమో’ అనే బాలికల పత్రికలో ఆయన గీసిన పెద్ద కళ్ల అమ్మాయిల బొమ్మలకు ఎనలేని ఆదరణ ఉండేది. అలాంటి బొమ్మలు ఆ కాలానికి తగవని అధికారులు అభ్యంతరపెట్టడంతో 1940లో ఆ పత్రికకు దూరం కావలసి వచ్చింది. చిరిగిన చోట రంగు గుడ్డ ముక్కను పువ్వు ఆకారంలో అతికి కుట్టడం, ముక్కలన్నీ కలిపి పక్క దుప్పటి చేయడం వంటివి ఆయన తన పత్రికలో అందంగా గీసి చూపించారు. 1947లో చిన్న వయసు ఆడపిల్లల కోసం ‘హిమావారి’నీ, 1954లో ‘జూనియర్ సొరెయు’నూ తెచ్చారు. యుద్ధకాలంలో ఆగిపోయిన ‘సోఎన్’ అనే కుట్టుపని పత్రిక కూడా 1946లోనే తిరిగి వచ్చింది. ‘స్టైల్ బుక్’, ‘సొరెయు’, ‘సోఎన్’ మూడింటిలోనూ రచయితలు పాఠకురాలితో ‘ఇది కొనండి’ అనలేదు, ‘ఇలా చేసుకోండి’ అన్నారు. కొనడానికి ఏమీ లేదు కనుక అనలేదని ఎవరైనా అంటే కాదనలేము. ఈ ‘చేసుకోండి’ ఎప్పుడు ‘కొనుక్కోండి’గా మారిందో చూస్తే ఆ దేశపు పత్రికల చరిత్రలో సగం తెలిసిపోతుందని నా అభిప్రాయం.

ప్రశ్న: ప్రకటనలు ఒక్కటి కూడా లేకుండా దశాబ్దాల పాటు లక్షల ప్రతులు అమ్మిన గృహ పత్రిక ఒకటి జపాన్‌లో ఉందంటారు. అది ఎలా నిలిచింది? వస్తువులను పరీక్షించడంలో అంత పట్టుదల చూపిందన్న మాట నిజమేనా?

జవాబు: నిజమే. ఆ పత్రిక ‘కురాషి నో తెచో’. పైన చెప్పిన ‘స్టైల్ బుక్’ను చూసి అనుకరణలు పుట్టుకొచ్చి అమ్మకాలు పడిపోవడంతో, ఒక్క దుస్తులే కాకుండా తిండి, ఇల్లు కూడా కలిపి జీవనమంతటికీ సంబంధించిన పత్రిక తేవాలని హనామోరి, ఓహాషి నిశ్చయించారు. 1948 సెప్టెంబరులో మొదటి సంచిక పదివేల ప్రతులతో వెలువడింది. అందులో కొంత భాగాన్ని సిబ్బందే వీపు సంచుల్లో వేసుకుని, రైళ్లలో ఊరూరా దిగి, పుస్తకాల దుకాణాల వారిని బతిమాలి అక్కడ పెట్టించి వచ్చారు.

ఇద్దరి స్వభావాలూ వేరు. 1920లో పుట్టిన ఓహాషి చిన్నతనంలోనే తండ్రిని పోగొట్టుకుని, తల్లినీ చెల్లెళ్లనూ పోషించే బాధ్యత నెత్తిన వేసుకున్న మనిషి. ఎవరి గుమ్మంలోకైనా వెళ్లి రచన అడిగే ధైర్యం ఆమెది. చక్రవర్తి పెద్ద కుమార్తె, అప్పటికి సామాన్య పౌరురాలిగా మారిన హిగాషికుని షిగెకో చేత చాలీచాలని డబ్బుతో ఇల్లు నెట్టుకొచ్చే తీరు గురించి వ్యాసం రాయించింది ఆమే. ఆ వ్యాసం పత్రిక నిలదొక్కుకోవడానికి బాగా అక్కరకొచ్చింది. హనామోరి మాత్రం ముఖచిత్రం మొదలు లోపలి శీర్షికల అక్షరాల దాకా తన చేతి మీదుగానే పోవాలనే ఏకచ్ఛత్రాధిపతి. ఆయన గింజాలో స్కర్టు వేసుకుని తిరిగేవారన్న కథ ఈనాటికీ చెప్పుకుంటారు.

ప్రకటనలు వేసుకోకపోవడానికి రెండు కారణాలు. ఒకటి, ప్రతి పేజీ మూలమూలా సంపాదకుడి ఇష్టప్రకారమే ఉండాలన్న పంతం. రెండోది, ఎవరి డబ్బు తీసుకుంటే వారి వస్తువును మెచ్చుకోక తప్పదన్న ఎరుక. ఆదాయమంతా పత్రిక వెల నుంచీ తమ సొంత పుస్తకాల అమ్మకం నుంచీ రావలసిందే. ఈ రెండో కారణం 1954లో అక్కరకొచ్చింది. ఆ ఏడాది చివర పత్రిక వస్తు పరీక్షలు మొదలుపెట్టింది. మొదట పిల్లల మేజోళ్లు, తరువాత అగ్గిపెట్టెలు, పెన్సిళ్లు, ఇస్త్రీ పెట్టెలు. కంపెనీలు ఉచితంగా పంపినవాటిని పరీక్షించడం కాదు, మామూలు దుకాణాల్లో డబ్బిచ్చి కొని, ఇంట్లో వాడినట్టే వాడి, ఫలితాన్ని కంపెనీ పేరుతో సహా అచ్చు వేయడం వారి పద్ధతి.

ఆ పట్టుదల ఎంతటిదో రెండు ఉదాహరణలు చాలు. పిల్లలను కూర్చోబెట్టి తోసే బళ్లను పరీక్షించాలనుకున్నప్పుడు, యంత్రం మీద చక్రాలు తిప్పి లెక్క కట్టకుండా, మనుషులే ఒక్కొక్క బండిని 100 కిలోమీటర్లు తోశారు. తల్లులు నడిచే వీధుల్లో రాళ్లూ గుంతలూ మలుపులూ ఉంటాయి. ఏ మేకు ఎక్కడ వదులవుతుందో, ఏ పిడి పట్టుకుంటే చెయ్యి నొస్తుందో నడిచినవారికే తెలుస్తుంది. 1969లో రొట్టె కాల్చే టోస్టర్లను పరీక్షించినప్పుడు కాల్చిన రొట్టె ముక్కలు 43,088. అన్నింటినీ గోడలా పేర్చి ఫోటో తీసి పత్రికలో వేశారు. అంత రొట్టె తగలబెట్టాలా అని అడిగినవారు లేకపోలేదు. ఏళ్ల తరబడి రోజూ వాడే వస్తువుకు నాలుగు ముక్కల పరీక్ష సరిపోదన్నది వారి లెక్క.

1960లో కిరోసిన్ హీటర్ల పరీక్షలో బ్రిటన్‌లో తయారైన అలాదీన్ వారి నీలి మంట హీటరును మొదటి స్థానంలో నిలిపి, స్వదేశీ హీటర్ల లోపాలను మొహమాటం లేకుండా రాశారు. దేశీయ తయారీదారులకు అది చెంపపెట్టు అయింది గాని, తరువాతి సంవత్సరాల్లో వారి హీటర్లు మెరుగుపడ్డాయని పత్రికే పరీక్షించి ఒప్పుకుంది. 1968లో ఇంకొక తగాదా. కిరోసిన్ హీటరు నుంచి మంట లేస్తే బకెట్టెడు నీళ్లు పోయమని పత్రిక రాసింది. ముందు దుప్పటి కప్పాలన్నది అగ్నిమాపక శాఖ ఏళ్లుగా చెబుతున్న మాట. నూనె మంట మీద నీళ్లు పోయకూడదన్నది లోకమంతా నమ్మే సంగతి కనుక పత్రికను తప్పుపట్టినవారే ఎక్కువ. చివరికి బహిరంగంగా ప్రయోగం చేసి చూస్తే ఆ హీటర్ల విషయంలో నీళ్లే పనిచేస్తాయని తేలింది. ఒక గృహ పత్రిక ప్రభుత్వ శాఖతో శాస్త్రీయ వాదనకు దిగి నెగ్గడం నాకు తెలిసినంతలో అరుదు.

ప్రశ్న: అదే హనామోరి యుద్ధకాలంలో ప్రభుత్వ ప్రచారానికి పనిచేశారని విన్నాము. అవునా?

జవాబు: అవును. సైన్యంలో మంచూరియా వెళ్లి, జబ్బుపడి తిరిగి వచ్చాక, 1941 నుంచి ఆయన ‘తైసెయ్ యొకుసాన్‌కై’ అనే ప్రభుత్వ అనుకూల సంస్థ ప్రచార విభాగంలో పనిచేశారు. ‘విలాసం మన శత్రువు’ అన్న నినాదాన్ని ఆయనకు అంటగడతారు గాని, అది ఆయన అక్కడ చేరకముందే వీధుల్లో ఉంది. తరువాతి కాలంలో ఆయన తన పాత్ర గురించి ఎక్కువగా మాట్లాడలేదు. 1968 ఆగస్టులో మాత్రం ఒక సంచిక మొత్తాన్ని యుద్ధకాలపు రోజువారీ బతుకు గురించి పాఠకులు పంపిన జ్ఞాపకాలకే కేటాయించారు. ఏం తిన్నారు, ఏం కట్టుకున్నారు, బాంబులు పడినప్పుడు ఎక్కడ దాక్కున్నారు అన్నవి మామూలు గృహిణులూ పిల్లలూ తమ మాటల్లో రాసినవి. ఆ సంచిక ఎనిమిది లక్షలకు పైగా అమ్ముడైంది. దాన్ని ప్రాయశ్చిత్తం అనాలా వద్దా అన్నది పాఠకులకే వదిలేస్తాను. హనామోరి 1978 జనవరిలో మరణించేదాకా ఆ పత్రిక ముఖచిత్రాలన్నీ తానే వేశారు.

ప్రశ్న: పూర్వపు జపాన్ ఫ్యాషన్ పత్రికల్లో కుట్టు నమూనాల పెద్ద కాగితాలు మడిచి పెట్టేవారట. వాటిని ఎలా వాడేవారు? అవి ఎందుకు పోయాయి?

జవాబు: ఈ పత్రికలకు పెద్ద దిక్కు కుట్టుపని బడులు. ‘సోఎన్’ను 1936లో ప్రారంభించింది టోక్యోలోని బుంకా ఫుకుసో గకుయిన్ అనే విద్యాసంస్థ. దానికి గట్టి పోటీ 1926లో సుగినో యోషికో స్థాపించిన డ్రెస్‌మేకర్ జోగకుయిన్. ఆ బడి తరఫున 1949లో ‘డ్రెస్‌మేకింగ్’ పత్రిక వచ్చింది. యుద్ధం తరువాత ఈ బడుల ముందు అమ్మాయిలు బారులు తీరారు. పెళ్లికి అర్హత అని కొందరు, భర్త యుద్ధంలో పోయి బతుకుతెరువు కోసం మరికొందరు చేరేవారు. బడికి రాలేనివారికి పత్రికే బడి. నెలనెలా కొంత కొంత కట్టి కుట్టు మిషను సొంతం చేసుకునే పద్ధతి రావడంతో మామూలు ఇళ్లలోకీ మిషన్లు వచ్చాయి.

నమూనా కాగితం చూస్తే మొదట తల తిరుగుతుంది. ఒకే పెద్ద కాగితం మీద ఏడెనిమిది దుస్తుల భాగాలు ఒకదాని మీద ఒకటి పడి, రైలు పట్టాల కూడలిలా గీతలన్నీ పెనవేసుకుని ఉంటాయి. ఒకటి నిండు గీత, ఒకటి చుక్కల గీత, ఒకటి ఎర్రది, ఒకటి నల్లది. కావలసిన దుస్తు సంఖ్య చూసి, దాని గీతను మాత్రమే వేలితో వెంబడిస్తూ, పైన పల్చని కాగితం పరచి గీసుకోవాలి. లేదా కింద కాగితం పెట్టి, పళ్ల చక్రాన్ని గీత వెంట దొర్లించి గుచ్చుకోవాలి. భుజం కొలతా నడుం కొలతా ఎవరివి వారికి వేరు కనుక, ఛాతీ చుట్టుకొలత, వీపు పొడవు తీసుకుని లెక్క ప్రకారం ప్రాథమిక నమూనా గీసుకోవడం ముందు నేర్పేవారు. పత్రికలోని బొమ్మను ఆ నమూనా మీద సర్దుకోవడం పాఠకురాలి పని. అంటే ఒకే బొమ్మ చూసి వంద మంది కుట్టుకుంటే వంద రకాల గౌన్లు తయారవుతాయి.

ఈ బడులూ పత్రికలే పెద్ద రూపకర్తలను తయారుచేశాయి. ‘సోఎన్’ 1956లో కొత్తవారి కోసం ఒక బహుమతిని నెలకొల్పింది. 1960లో కొషినో జుంకో, తకాదా కెంజో, 1969లో యమమోతో యోహ్జి దాన్ని గెలుచుకున్నవారిలో ఉన్నారు. కెంజో చదివినది అంతకుముందు దాకా ఆడపిల్లలకే పరిమితమైన బుంకాలో. మగవారిని చేర్చుకోవడం మొదలైన తొలి ఏళ్ల విద్యార్థుల్లో ఆయన ఒకరు. 1970లో ఆయన పారిస్‌లో సొంత దుకాణం తెరిచారు.

ఆ నమూనా కాగితాలు ఎందుకు పోయాయంటారా? 1960ల నుంచి కుట్టి సిద్ధంగా ఉన్న దుస్తులు పెద్ద దుకాణాల్లో మంచి కొలతలతో, అందుబాటు వెలల్లో దొరకసాగాయి. ఉద్యోగానికి వెళ్లే అమ్మాయికి జీతం ఉంది, కుట్టుకునే తీరిక లేదు. 1970ల నాటికి కుట్టు బడులకు చేరికలు తగ్గుతూ వచ్చాయి. 

ప్రశ్న: జపాన్ మహిళా పత్రికలతోపాటు ఇంటి జమాఖర్చుల పుస్తకం ఉచితంగా ఇచ్చేవారా?

జవాబు: ఇచ్చేవారు, ముఖ్యంగా కొత్త సంవత్సరపు సంచికతో. ఇంటి లెక్కల పుస్తకాన్ని 1904లో హని మోతోకో మొదట రూపొందించి ప్రచారంలోకి తెచ్చారు. యుద్ధం తరువాత గృహిణుల పత్రికల్లో పెద్దవి నాలుగు: 1917 నాటి ‘షుఫు నో తోమో’, 1920 నాటి ‘ఫుజిన్ కురాబు’, యుద్ధానంతరం వచ్చిన ‘షుఫు తో సెయికాత్సు’, ‘ఫుజిన్ సెయికాత్సు’. లెక్కల పుస్తకం ఎవరిది బాగుంటే ఆ ఏడాది జనవరి సంచిక వారిది అమ్ముడయ్యేది. వంట, అల్లిక అనుబంధాలను పత్రిక మధ్యలో ఇరికించి తాడుతో కట్టి అమ్మేవారు. ఆ నాలుగూ ఒకదాని తరువాత ఒకటి 1986, 1988, 1993, 2008లో మూతపడ్డాయి: ముందుగా ‘ఫుజిన్ సెయికాత్సు’, చివరగా ‘షుఫు నో తోమో’.

ప్రశ్న: మగవారి ఫ్యాషన్ పత్రికలు అక్కడ ఎప్పుడు మొదలయ్యాయి? వాటి వెనుక బట్టల కంపెనీలే ఉండేవని అంటారు.

జవాబు: 1954లో ‘ఫుజిన్ గహో’ అనే మహిళా పత్రిక ప్రచురణకర్తలు మగవారి దుస్తుల గురించి ఒక పత్రిక తెచ్చారు. 1963 నుంచి దాని పేరు ‘మెన్స్ క్లబ్’. అందులో ముఖ్య పాత్ర ఇషిజు కెన్సుకేది. 1911లో ఒకయామాలో పుట్టిన ఈయన వాన్ అనే దుస్తుల సంస్థకు అధిపతి. అమెరికా తూర్పు తీరపు కళాశాల విద్యార్థులు వేసుకునే మూడు గుండీల కోటు, కాలరుకు గుండీలుండే చొక్కా, అందరూ ‘ఐవీ’ అనే ఆ తీరును జపాన్ యువకులకు అలవాటు చేసింది ఈయనే. ఏ వేళకు, ఏ చోటుకు, ఏ సందర్భానికి ఏది వేసుకోవాలో నియమాలుగా రాశారు. తండ్రులకు సైనిక దుస్తులో పాఠశాల దుస్తులో తప్ప మరొకటి తెలియని తరానికి అలాంటి సూటి నియమాలే కావలసి వచ్చాయి.

మీరు అడిగిన రెండో మాటకు జవాబు: అవును, దుస్తులు అమ్మే మనిషే వాటి గురించి ప్రామాణికంగా రాసేవాడు కూడా. కురాషి నో తెచో కంపెనీలకు తలుపు మూసిపెట్టిన చోటే ఈ పత్రిక తలుపు బార్లా తెరిచింది. దాన్ని మోసమనడం అన్యాయం. పాఠకులకు ఇషిజు ఎవరో తెలుసు, తెలిసే కొన్నారు. కాని అక్కడ కంపెనీ తప్పును ఎత్తి చూపే వ్యాసానికి చోటు ఉండదు కదా.

1964 ఏప్రిల్‌లో వచ్చిన వారపత్రిక ‘హెయ్‌బోన్ పంచ్’ ఆ ఐవీ తీరును ఇంకా చిన్నవారి దగ్గరకు చేర్చింది. ముఖచిత్రాల మీద ఓహాషి ఆయుమి వేసిన ఐవీ కుర్రాళ్ల బొమ్మలుండేవి. రెండేళ్లలో అమ్మకాలు పది లక్షలకు చేరాయి. 1964 వేసవిలో గింజాలోని మియుకి వీధిలో పొట్టి ప్యాంట్లు, చేతిలో పెద్ద కాగితపు సంచులతో ఏ పనీ లేకుండా నిలబడే కుర్రకారు గుంపులు పెరిగాయి. ఒలింపిక్స్ ముంగిట నగరం చూడముచ్చటగా ఉండాలని సెప్టెంబరులో పోలీసులు వారిని పట్టుకుని మందలించి పంపారు. వాన్ సంస్థ 1978లో దివాలా తీసింది. ‘మెన్స్ క్లబ్’ మాత్రం దాని తరువాతా నడిచింది.

ప్రశ్న: ‘అన్అన్’, ‘నోన్నో’ పత్రికలు జపాన్ యువతుల జీవితాన్నే మార్చాయని తరచు రాస్తారు. అందులో అతిశయోక్తి ఎంత?

జవాబు: కొంత ఉంది, కాని చాలావరకు నిజమే. 1970 మార్చిలో ‘హెయ్‌బోన్ పంచ్’ ప్రచురణకర్తలే ఫ్రెంచి పత్రిక ‘ఎల్’తో ఒప్పందం చేసుకుని ‘అన్అన్’ను తెచ్చారు. మాస్కో జంతు ప్రదర్శనశాలలోని పాండా పేరే దాని పేరు, ఆ పాండాయే దాని గుర్తు. కళా దర్శకుడు హొరియుచి సెయిచి. పెద్ద సైజు, ఒక ఫోటో పేజీ అంచుల దాకా పరుచుకోవడం, దాని మీదే శీర్షిక ఎక్కించడం, వచనం కన్నా చిత్రం ముందు నడవడం అన్నవి అప్పటి మహిళా పత్రికల్లో చూడని సంగతులు. అంతవరకు పేజీల కూర్పు అంటే వ్యాసం రాసి వచ్చాక దానికి బొమ్మ అతికించడం. ఇక్కడ బొమ్మ ముందు నిర్ణయమై, వ్యాసం దానికి తగ్గట్టు కుదించుకోవలసి వచ్చింది.

అందరూ పొగిడే ఆ పేజీల కూర్పు కన్నా నాకు ముఖ్యంగా తోచేది ఇంకొకటి. ఆ పత్రికలో కుట్టు నమూనా లేదు. ఇంతకుముందు బొమ్మ కింద ఎన్ని మీటర్ల గుడ్డ కావాలో, భుజం ఎక్కడ మడవాలో ఉండేది. ఇప్పుడు బొమ్మ కింద చిన్న అక్షరాల్లో దుస్తు పేరు, దుకాణం పేరు, వెల ఎన్ని యెన్‌లో ఉంది. పేజీ చదివిన అమ్మాయి వెళ్లవలసినది మిషను దగ్గరికి కాదు, దుకాణానికి. ఆ చిన్న అక్షరాల వరుసను సరిగ్గా నింపడానికే ఒక కొత్త వృత్తి పెరిగింది. దుకాణాలు తిరిగి దుస్తులు అరువు తెచ్చి, మోడల్ మీద అమర్చి, ఫోటో అయ్యాక ఇస్త్రీ చేసి తిరిగి ఇచ్చే స్టైలిస్టు వృత్తి అది. ప్రకటనదారుకూ ఈ కొత్త పేజీ అనుకూలమే. ఎదురు పేజీలో డబ్బిచ్చి వేయించుకున్న ప్రకటనకూ, ఈ పేజీకీ చూపులో పెద్ద తేడా లేదు.

1971లో షుయెయ్‌షా సంస్థ ‘నోన్నో’ను తెచ్చింది. ఆ పేరు ఉత్తరాదిన ఉండే ఐను జాతి భాషలో పువ్వు. ‘అన్అన్’ కంటే ఇది అందుబాటులో ఉండే దుస్తులను చూపింది, అమ్మకాల్లోనూ ముందుకు పోయింది. రెండు పత్రికలూ ప్రయాణాల మీద విరివిగా పేజీలు కేటాయించాయి. అదే సమయంలో, 1970 అక్టోబరు నుంచి, ఒసాకా ప్రపంచ ప్రదర్శన ముగిసి ప్రయాణికులు తగ్గిన జాతీయ రైల్వేలు దేశాన్ని చూసి రమ్మంటూ పెద్ద ప్రచారం మొదలుపెట్టాయి. ఫలితంగా క్యోటో, కామకురా, హగి, త్సువానో, తకయామా వంటి పాత ఊళ్ల వీధుల్లో పత్రిక చేతపట్టుకుని, ఇద్దరు ముగ్గురుగా, మగతోడు లేకుండా తిరిగే యువతులు కనిపించసాగారు. వారికి రెండు పత్రికల పేర్లూ కలిపి ‘అన్నోన్ తెగ’ అని పేరు పెట్టారు.

పత్రికలో చూపిన టీ దుకాణంలోనే కూర్చుని, పత్రికలో ఉన్న మెట్ల మీదే ఫోటో దిగి వస్తున్నారని వెక్కిరించినవారు చాలామంది. వెక్కిరింపులో నిజం లేకపోలేదు. అయితే అప్పటిదాకా పాత సత్రాల లెక్కంతా ఆఫీసుల బృందాల మీదా, మద్యం తాగే మగవారి విందుల మీదా నడిచేది. తన జీతంతో తనకు నచ్చిన ఊరికి వెళ్లే ఇరవై ఏళ్ల అమ్మాయి ఆ లెక్కలో లేదు. ఆమెను లెక్కలోకి తెచ్చిన ఘనత ఈ పత్రికలకు ఇవ్వవలసిందే. జీవితాన్నే మార్చాయనడం మాత్రం ఎక్కువ. ఆ జీతం పత్రిక ఇచ్చింది కాదు.

ఆ దారిలోనే 1975లో ‘జేజే’ వచ్చి కోబె అమ్మాయిల కట్టుబొట్టును దేశానికి చూపింది. 1976లో మగపిల్లల కోసం ‘పొపాయ్’ కాలిఫోర్నియా మీద ప్రత్యేక కథనంతో మొదలైంది. 1982లో దానికి చెల్లెలుగా ‘ఆలివ్’ వచ్చింది. ‘పొపాయ్’ పేజీల్లో బూట్లు, స్కేట్‌బోర్డులు, గడియారాలు ధరలతో సహా వరుసలుగా పేర్చి ఉంటాయి. వస్తువుల జాబితానే వ్యాసంగా చదివించవచ్చని వారు నిరూపించారు.

ప్రశ్న: అంత చిన్న దేశంలో అన్ని పత్రికలు ఎలా నడిచాయి? అమ్ముడుపోని ప్రతుల నష్టం ఎవరిది?

జవాబు: దుకాణదారుది కాదు. అమ్ముడుపోని ప్రతులను గడువులోగా తిరిగి పంపితే డబ్బు వెనక్కి వస్తుంది. కనుక ఏ చిన్న దుకాణమైనా కొత్త పత్రికను ధైర్యంగా ముందు వరుసలో పెట్టేది. యుద్ధకాలపు ఏకైక పంపిణీ సంస్థను మూసివేశాక, 1949లో ఏర్పడిన తోహన్, నిప్పన్ అనే రెండు టోకు సంస్థలు పుస్తకాలనూ పత్రికలనూ కలిపి దేశమంతటా చేరవేసేవి. పైగా 1953 చట్ట సవరణ ప్రకారం ప్రచురణకర్త నిర్ణయించిన వెలకే అమ్మాలి, తగ్గించి అమ్మడం కుదరదు. అందువల్ల టోక్యోలోనూ మారుమూల ద్వీపంలోనూ పత్రిక వెల ఒకటే.

అలాంటి ఏర్పాటులో పత్రికల ఆదాయమే పుస్తకాల పంపిణీ ఖర్చును మోసింది. పత్రికల అమ్మకాలు 1997 ప్రాంతంలో ఏడాదికి లక్షన్నర కోట్ల యెన్‌ను దాటి అత్యున్నత స్థాయిని అందుకున్నాయి. అక్కడి నుంచి ఏటా పడిపోతూ, 2016లో, 41 ఏళ్ల తరువాత మొదటిసారిగా, పుస్తకాల అమ్మకాల కంటే తక్కువకు దిగాయి. ఎక్కువగా దెబ్బతిన్నవి ప్రకటనల మీద ఆధారపడిన ఫ్యాషన్ పత్రికలు. ప్రకటనదారుడు ఇంటర్నెట్‌కు తరలిపోయినప్పుడు వాటికి వెల ఒక్కటే మిగిలింది, ఆ వెలతో అంత రంగుల అచ్చు సాగదు. కురాషి నో తెచో ఇప్పటికీ రెండు నెలలకొకసారి వస్తోంది, ప్రకటనలు లేకుండానే.